గీతకు అటూ ఇటూ: సరిహద్దు చీల్చిన ఊరి మీద పది నిమిషాల మూకీ హాస్యచిత్రం తీయడం ఎలా

కొత్త దేశం పుట్టింది. దాని సరిహద్దు ఒక ఊరి నట్టనడుమ నుంచి పోయింది. వంటిల్లు ఒక దేశంలో, పడగ్గది ఇంకో దేశంలో. ఈ కథను ఒక్క మాట లేకుండా నవ్వు పుట్టేలా చెప్పడానికి ఒక ఖాళీ స్థలం, ఆరుగురు నటులు, ఒక కెమెరా, ఒక బస్తా సుద్దపొడి చాలు. కానీ ఒక మొండి నియమం పెట్టుకోవాలి: గీసిన క్షణం నుంచి సినిమా చివరి దాకా గీత అంగుళం కూడా కదలకూడదు, ఎవరి కోసమూ సడలకూడదు. ప్రేక్షకుడికి నవ్వొచ్చేది గీత దాటేవాణ్ని చూసి కాదు, ఆ గీతను అంత గంభీరంగా పాటించే మనుషుల్ని చూసి. రాసేవాడు తన వీలు కోసం ఒక్కచోట గీతను మరిచిపోయాడంటే ఆ తర్వాత వచ్చే ఏ గ్యాగూ (నవ్వించే చిన్న చేష్ట) నిలబడదు.

ముందు తేల్చుకోవాల్సింది: ఏ రకం మౌనం?

మూకీ వేరు, మాటల్లేని సినిమా వేరు. 1987 నాటి ‘పుష్పక విమానం’లో మాటలు లేవు గానీ తలుపు చప్పుడు, వీధి రొద అన్నీ వినిపిస్తాయి. అసలైన మూకీలో సంగీతం, టైటిల్ కార్డులు (తెర మీద పడే రాతలు) తప్ప మరేమీ ఉండదు. సరిహద్దు కథకు అసలైన మూకీయే మేలు. కాపలావాడి ఈల వినపడకుండా వాడి బుగ్గలు ఉబ్బడం, ఊరంతా ఒక్కసారి తల తిప్పడం మాత్రమే కనిపిస్తే ఈల బొమ్మగా మారిపోతుంది. సగం చప్పుడు, సగం మౌనం పెట్టుకుంటే ప్రేక్షకుడు చప్పుడు ఎప్పుడొస్తుందా అని చెవి రిక్కించి కూర్చుంటాడు, కన్ను పని మానేస్తుంది.

1. ముడిసరుకు నిజం నుంచే తెచ్చుకోండి

ఈ విషయంలో కల్పన కంటే వాస్తవమే కొంటెది. 1947లో ఇటలీ, యుగోస్లావియా మధ్య కొత్త సరిహద్దు గొరీత్సియా పట్టణం అంచున పడింది. పక్కనున్న మీరెన్ ఊరి శ్మశానాన్ని కూడా అది రెండుగా కోసింది. 1950 ఆగస్టు 13న యుగోస్లావియా వైపు జనం వేల సంఖ్యలో కాపలాను తోసుకుని అవతలికి పోయి, బజారు చేసుకుని వెనక్కి వచ్చారు. తమ వైపు దొరకని చీపుళ్లు ఎక్కువగా కొన్నారు గనక ఆ రోజుకు ‘చీపుళ్ల ఆదివారం’ అనే పేరు నిలిచిపోయింది. సరిహద్దు మీదికి చీపుళ్లతో దండెత్తిన జనం! మూకీకి ఇంతకంటే ఏం కావాలి?

జర్మనీలోని మ్యోడ్లారొయ్ట్ అనే చిన్న ఊరి మధ్య పారే వాగే ఒకప్పుడు తూర్పు, పడమర జర్మనీల సరిహద్దు. 1966లో అక్కడ సుమారు 700 మీటర్ల కాంక్రీటు గోడ లేచింది. అప్పట్లో పడమటి వైపు వాళ్లు చెయ్యి ఊపొచ్చు, తూర్పు వైపు వాళ్లు తిరిగి ఊపకూడదు. చెయ్యి ఊపకుండా పలకరింపుకు బదులివ్వడం ఎలా? ఈగను తోలినట్టా, బట్టలు దులిపినట్టా, ఒళ్లు విరుచుకున్నట్టా? అరగంట కూర్చుంటే పది దారులు దొరుకుతాయి.

బెల్జియం, నెదర్లాండ్స్ కలగాపులగంగా ఉన్న బార్లేలో గీత ఇంటి మధ్య నుంచి పోతే, ఆ ఇంటి వీధి తలుపు ఏ దేశంలో ఉందో ఇల్లు ఆ దేశానిది. అంటే తలుపును నాలుగడుగులు జరిపితే ఇల్లు దేశం మారుతుంది. గీత కదలదు, తలుపే కదులుతుంది. నాగాలాండ్‌లోని లోంగ్వాలో సరిహద్దు ఊరి పెద్ద ఇంటి మీదుగానే పోతుంది. భారత కాలమానానికి, మయన్మార్ కాలమానానికి తేడా గంట. ఒకే ఇంట్లో పన్నెండు రెండుసార్లు కొడుతుందన్న మాట. ఇక 1947లో భారత్, పాకిస్తాన్‌లను విడదీసిన రాడ్‌క్లిఫ్ గీతను ప్రకటించింది ఆగస్టు 17న, అంటే స్వాతంత్ర్యం వచ్చిన రెండు రోజులకు. ఆ లోపు ముర్షిదాబాద్‌లో పాకిస్తాన్ జెండా, ఖుల్నాలో భారత జెండా ఎగిరాయి. తర్వాత మార్చుకున్నారు.

ఆ చివరి ఉదంతం వెనక ఎంత నెత్తురుందో అందరికీ తెలుసు. అందుకే నిజమైన దేశాల పేర్లు, జెండాలు, యూనిఫారాలు సినిమాలోకి తేవద్దు. నిజం నుంచి తర్కాన్ని మాత్రం తీసుకోండి. వేళాకోళం గీత మీద, ముద్ర మీద, రిజిస్టరు మీద ఉండాలి. విడిపోయిన మనుషుల మీద కాదు.

2. గీత నియమాలు ఒక్క పేజీలో

కథ రాయకముందే ఈ పేజీ రాయాలి. గాలి, పొగ, చూపు, పిట్ట దాటొచ్చా? మనిషి, పశువు, వస్తువు దాటకూడదా? దండెం మీద ఆరేసిన చొక్కా చెయ్యి గాలికి అవతలికి ఊగితే అది దాటినట్టేనా? నీడ సంగతేమిటి? ఇద్దరు కాపలావాళ్లలో ఎవరి అధికారం ఎక్కడిదాకా? శిక్ష ఏమిటి?

శిక్షగా తుపాకీ వద్దు. తుపాకీ ఫ్రేములోకి రాగానే నవ్వు బయటికి పోతుంది. కాపలావాడికి ఈల, రబ్బరు ముద్ర, లావుపాటి రిజిస్టరు, ఒక స్టూలు ఇవ్వండి. వాడు దేనికైనా ముద్ర వేస్తాడు: గుడ్డుకు, పాల చెంబుకు, నుదుటికి. రెండు వైపుల కాపలావాళ్లకూ ఒకే నియమాలు ఉండాలి. ఒకడు మంచివాడు, ఒకడు చెడ్డవాడు అయ్యారంటే అది ప్రచార చిత్రమైపోతుంది.

3. పది నిమిషాల పంపకం

మొదటి నిమిషంన్నర గీత లేని ఊరు. ఇది కోసేయాలనిపిస్తుంది, కోయొద్దు. బల్ల, మంచం, బావి, దండెం, కోడి ఎక్కడున్నాయో, ఎవరు దేన్ని రోజూ వాడతారో ఇక్కడే కంటికి ఎక్కాలి. తర్వాత ఒక నిమిషంలో గీత గీస్తారు. ఆ తర్వాతి ఐదు నిమిషాలు జనం దాన్ని పాటిస్తారు, తప్పించుకుంటారు. ఇంకో రెండు నిమిషాల్లో అదే గీత మీద తాడు, తాడు స్థానంలో కంచె వస్తాయి. ముగింపుకు అర నిమిషం.

ముగింపు గురించి ఒక హెచ్చరిక. ఒక కాలు అటు, ఒక కాలు ఇటు వేసుకుని హీరో దూరంగా నడిచిపోయే ముగింపును చాప్లిన్ 1923లోనే ‘ది పిల్‌గ్రిమ్’లో వాడేశాడు. అందరూ చేతులు కలిపి కంచె పీకేసే ముగింపు ఇంకా అరిగిపోయింది. మీ సినిమాలోని గ్యాగుల్లోంచే చివరిది తీయండి. కాపలావాడి అన్నం డబ్బా అవతలి దేశంలో ఉండిపోయి, తానే రాసిన రిజిస్టరు ముందు తానే వరుసలో నిలబడటం లాంటిది.

4. గ్యాగులు అల్లడం

అసలు పనంతా ఇక్కడే. ఒక వస్తువు తీసుకోండి. దాన్ని గీత మీద పెట్టండి. అది రోజూ చేసే పనిని గీత ఎలా అడ్డుకుంటుందో చూడండి. అప్పుడు మూడు మెట్లు కట్టండి: అలవాటుగా చేస్తే దొరికిపోవడం, తెలివిగా చేసినా దొరికిపోవడం, నియమాన్ని అక్షరాలా పాటిస్తూనే పని జరిపించుకోవడం. నాలుగోది మలుపు. అందులో ఆ వస్తువు కాపలావాడికే అవసరమవుతుంది.

భోజనాల బల్లతో చూద్దాం. మొగుడు ఒక దేశంలో, పెళ్లాం ఒక దేశంలో, ఉప్పు సీసా ఆమె వైపు. అతను చెయ్యి చాపుతాడు. ఈల. రెండోసారి అరచేతిని బల్ల కింద నుంచి పంపుతాడు. కాపలావాడు బల్ల కిందే ఉంటాడు. మూడోసారి ఆమె కూర తింటూ, ఏమీ ఎరగనట్టు, తన వైపు బల్ల కాళ్ల కింద ఒక్కో ఇటుక పెడుతుంది. బల్ల వాలుతుంది, సీసా తనంతట తానే అవతలికి జారుతుంది. ఎవరూ ఏదీ దాటించలేదు. కాపలావాడు నియమాల పుస్తకం తిరగేస్తాడు, ఏమీ దొరకదు, సీసాకు ముద్ర వేసి వదిలేస్తాడు. నాలుగోది: కాపలావాడు తన సద్దన్నం రుచి చూసి ముఖం చిట్లిస్తాడు, మెల్లగా ఇటుకల వైపు చూస్తాడు.

ఇందులో చెడేది ఇటుకల దగ్గరే. సీసా జారే వాలు ముందే కొలుచుకోకపోతే గిన్నెలు కూడా జారిపోతాయి. గిన్నెల అడుగున రెండు వైపులా అంటుకునే టేపు వేయండి. సీసా అడుగున కొవ్వొత్తి మైనం రుద్దండి. బల్ల మీద గుడ్డ పరచొద్దు.

మంచం గ్యాగులో నిద్రలో దొర్లిన ప్రతిసారీ నుదుటి మీద ఒక ముద్ర. తెల్లారేసరికి ముఖమంతా ముద్రలే. ముద్ర సిరా చర్మం మీద త్వరగా పోదు, కాబట్టి కాటుకను కొబ్బరినూనెతో కలిపి వాడండి. షాట్లను ముద్రలు పెరిగే వరుసలోనే తీయాలి. మధ్యలో ముఖం కడిగి మళ్లీ అదే చోట వేద్దామనుకుంటే ప్రతి ముద్రా రెండు అంగుళాలు వలస పోతుంది.

మేక సులువైన నటి. తల ఒక దేశంలో మేస్తుంటుంది, పొదుగు ఇంకో దేశంలో ఉంటుంది. మేపేవాడొకడు, పితికేవాడొకడు. కోడి అలా కాదు, మాట వినదు. మేత పెట్టకముందు పొద్దున్నే తీసి, కావలసిన చోట గింజలు చల్లితే కాసేపు ఆ చుట్టూ తిరుగుతుంది. గుడ్డు మాత్రం ఉడకబెట్టినదే వాడండి. ఇక పిల్లి. గోడ మీద పిల్లిని పెట్టాలనే ఆశ ఎవరికైనా పుడుతుంది. సామెత సామెతగానే బాగుంటుంది, అసలు పిల్లి మూడు సెకన్లలో దిగిపోతుంది.

కంచె రాకముందు దడికర్ర (దారికి అడ్డంగా దించి, లేపే కర్ర) ఒక్కటే నిలబెట్టడం అన్నిటికంటే చౌకైన, బలమైన గ్యాగు. చుట్టూ ఖాళీ మైదానం, మధ్యలో ఒక కర్ర. జనం దాని ముందు బుద్ధిగా వరుస కడతారు. పక్క నుంచి వెళ్లొచ్చని ఎవరికీ తోచదు, తోచేలా నటులు ఒక్క చూపు కూడా చూడకూడదు.

5. స్థలం, గీత, కెమెరా

గీత తెరకు అడ్డంగా కాకుండా కెమెరా దగ్గర మొదలై దూరంగా పోవాలి. అప్పుడు తెరలో ఎడమ ఒక దేశం, కుడి ఒక దేశం. కెమెరా ఎప్పుడూ గీతకు ఒకే కొసన ఉండాలి. రెండో కొసకు వెళ్లి ఒక్క షాట్ తీసినా దేశాలు తారుమారవుతాయి. ప్రేక్షకుడికి కారణం తెలియదు గానీ నవ్వడం ఆపేస్తాడు.

వీలైతే గీతను ఉత్తర దక్షిణాలుగా గీయండి. ఉత్తరార్ధగోళంలో, సూర్యుడు నడినెత్తికి వచ్చే నెలలు తప్ప, దక్షిణపు కొసన కెమెరా పెట్టి ఉత్తరానికి చూస్తే మధ్యాహ్నపు ఎండ వెనక నుంచి పడుతుంది, ముఖాలు వెలుగులో ఉంటాయి. పొద్దున నీడలు ఎడమ దేశంలోకి, సాయంత్రం కుడి దేశంలోకి సాగుతాయి. నీడల గ్యాగు దానంతటదే సిద్ధమైనట్టే. సూర్యుడు 45 డిగ్రీల ఎత్తులో ఉన్నప్పుడు నీడ పొడవు మనిషి ఎత్తుకు సమానం. అంతకంటే పొడుగు నీడ కావాలంటే ఇంకా పెందలాడే, లేదా ఇంకా పొద్దుపోయాక తీయాలి. చలికాలంలో మధ్యాహ్నం కెమెరా నీడే ఫ్రేములో పడొచ్చు, చూసుకోండి.

పాత మూకీల 4:3 ఫ్రేము (వెడల్పు నాలుగైతే ఎత్తు మూడు) ఈ కథకు బాగా నప్పుతుంది. ఐదున్నర అడుగుల మనిషి ఫ్రేము ఎత్తులో మూడింట రెండు వంతులు ఉండేలా పెడితే ఫ్రేము ఎత్తు ఎనిమిదింబావు అడుగులు, వెడల్పు 11 అడుగులు. అంటే ఒక్కో దేశానికి ఐదున్నర అడుగులు. ఆ హద్దులకు నేల మీద చిన్న మేకులు కొట్టి ఉంచండి. 16:9లో మాత్రమే తీసే ఫోనైతే తెరకు రెండు వైపులా ఎనిమిదో వంతు చొప్పున టేపు అంటించి, మధ్య భాగాన్నే ఫ్రేముగా చూడండి. కెమెరా నడుము ఎత్తులో, ట్రైపాడ్ మీద, కదలకుండా ఉండాలి. తల నుంచి పాదం దాకా కనిపించాలి, ఎందుకంటే సరిహద్దు ఉండేది పాదాల దగ్గర.

గీత వెడల్పు కెమెరా దగ్గర 4 అంగుళాలు ఉంటే దూరాన 8 అంగుళాలకు పెంచండి, లేకపోతే చివర కనిపించకుండా పోతుంది. సున్నం వాడొద్దు, కళ్లలో పడితే ప్రమాదం. బియ్యప్పిండి వేస్తే సరిహద్దును కోళ్లు తినేస్తాయి. సుద్దపొడే మేలు. ప్రతి టేక్‌లో అడుగుల కింద చెరిగిపోతుంది కనుక యూనిట్‌లో ఒకరికి అదే పని అప్పగించండి: టేక్‌కు ముందు ఫోటో తీయడం, తర్వాత గీతను మళ్లీ అదే చోట దిద్దడం. రెండు కొసలా మేకులు కొట్టి దారం లాగి దిద్దితే గీత జరగదు.

అసలు సరిహద్దుల దగ్గర తీయాలనే సరదా వద్దు. ఏ దేశపు సైన్యం దుస్తులనూ పోలిన యూనిఫారాలు కుట్టించొద్దు. చాలాచోట్ల అది నేరం.

6. దడికర్ర, కంచె

12 అడుగుల పీవీసీ పైపు, ఒక గుంజ, ఒక బోల్టు, ఇసుక సంచి ఉంటే చాలు. పైపుకు ఒక కొస నుంచి రెండున్నర అడుగుల దగ్గర బోల్టు వేసి గుంజకు బిగించండి. పైపు బరువు 5 కిలోలైతే పొట్టి కొసకు 7 కిలోల ఇసుక కడితే సరిగ్గా తూగుతుంది. లెక్క ఇది: పైపు నడిమధ్య బోల్టుకు మూడున్నర అడుగుల దూరంలో ఉంటుంది, ఐదును మూడున్నరతో గుణించి రెండున్నరతో భాగిస్తే ఏడు. మీ పైపు బరువు తూచి ఇలాగే లెక్క కట్టండి. ఇసుక ఒక కిలో తగ్గిస్తే కర్ర వదలగానే దానంతటదే పడుతుంది, ఒక కిలో పెంచితే దానంతటదే లేస్తుంది. రెండూ గ్యాగులకు పనికొస్తాయి. తల మీద పడే షాట్ ఉంటే పైపుకు కింది వైపు స్పాంజి చుట్టండి.

ముళ్లకంచెకు అసలు ముళ్లతీగ వద్దు. జనపతాడుకు జానెడు దూరానికో ముడి వేసి, ముడిలో అట్టముక్కలు గుచ్చి, వెండి రంగు పూస్తే నలుపు తెలుపుల్లో తేడా కనిపించదు.

7. నలుపు తెలుపుల్లో రెండు దేశాలు

ఇక్కడ చాలామంది బోల్తా పడతారు. ఒక కాపలావాడికి ఎరుపు, ఇంకొకడికి ఆకుపచ్చ కుట్టిస్తారు. కంటికి పూర్తిగా వేరు. నలుపు తెలుపుల్లోకి మార్చగానే రెండూ ఒకే బూడిద రంగు, దేశాలు కలిసిపోతాయి. ఒకరికి లేత రంగు, ఒకరికి ముదురు రంగు ఇవ్వండి. టోపీల ఆకారాలు మార్చండి, ఒకటి గుండ్రం, ఒకటి పలక. కర్రలకు, జెండాలకు ఒక దేశానికి నిలువు చారలు, ఇంకో దేశానికి అడ్డ చారలు. చార రెండంగుళాల కంటే సన్నగా ఉంటే వీడియోలో గీతలు మిణుకుమంటాయి. బట్ట కొనేముందే ఫోనులో నలుపు తెలుపు ఫిల్టర్ పెట్టి చూడటం అలవాటు చేసుకోండి.

8. షూటింగ్

రెండు రోజులు రిహార్సల్, మూడు రోజులు షూటింగ్, 45 షాట్ల దాకా. మూకీలో ఉన్న పెద్ద సౌకర్యం: టేక్ నడుస్తుండగానే దర్శకుడు గట్టిగా లెక్క చెప్పొచ్చు. ‘ఒకటి, రెండు, ఆగు, చూడు, ఇప్పుడు ఇటుక.’ నటులు పెదాలతో ఏదో మాట్లాడుతున్నట్టు చేస్తే ఆపండి. ఏమన్నారో అని ప్రేక్షకుడు వెతుక్కుంటాడు. ముఖకవళికలు కూడా తగ్గించాలి. కళ్లు పెద్దవి చేసి నోరు తెరిస్తేనే మూకీ అనుకోవడం అపోహ. ఎంత మామూలుగా, ఎంత శ్రద్ధగా చేస్తే అంత నవ్వు.

9. వేగం, ఎడిటింగ్

మూకీ కదలికలోని చురుకు కావాలంటే 120 శాతం వేగం చాలు. 130 దాటితే మనుషులు కీ ఇచ్చిన బొమ్మలైపోతారు. సెకనుకు 24 ఫ్రేముల చొప్పున తీసి ఎడిటింగ్‌లో వేగం పెంచితే ప్రతి ఆరో ఫ్రేమూ ఎగిరిపోయి నడకలో కుదుపు వస్తుంది. 60 ఫ్రేముల్లో తీసి, 24 ఫ్రేముల టైమ్‌లైన్‌లో 120 శాతం పెడితే సరిగ్గా ప్రతి మూడో ఫ్రేమే వస్తుంది, కుదుపు ఉండదు. లోపల దీపాల కింద తీస్తే, 50 హెర్ట్జ్ కరెంటు ఉన్నచోట షటర్ వేగం 1/100 సెకను పెట్టండి, లేకపోతే వెలుగు మిణుకుతుంది. ఈ వేగంతో పది నిమిషాల సినిమాకు పన్నెండు నిమిషాల నటన కావాలి. రిహార్సల్‌లోనే స్టాప్‌వాచ్ పట్టుకోండి.

గ్యాగు పూర్తయ్యేదాకా కట్ చేయొద్దు. ఉప్పు సీసా జారేటప్పుడు దగ్గర షాట్ వేస్తే గీత ఫ్రేములోంచి పోతుంది, అది ఏ దేశంలోకి జారిందో తెలియదు.

టైటిల్ కార్డులు ఎనిమిదికి మించొద్దు, ఒక్కోటి ఆరేడు మాటలు. నిదానంగా రెండుసార్లు చదివేంతసేపు ఉంచండి. కొన్ని ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లలో తెలుగు ఒత్తులు విడిపోతాయి, అందుకే కార్డును వేరేచోట తయారుచేసి బొమ్మగా తెచ్చి పెట్టుకోవడం సురక్షితం. పై వరుస ఒత్తులు కింది వరుస గుడులను తాకకుండా వరుసల మధ్య ఖాళీ ఎక్కువ ఇవ్వండి. గ్యాగును ముందే చెప్పేసే కార్డు ఉంటే తీసేయండి.

సంగీతం చివర్లో. పాత మూకీల మీద వినపడే సంగీతం తర్వాతి కాలంలో రికార్డు చేసినదై ఉండొచ్చు. సినిమా పాతదైనంత మాత్రాన ఆ రికార్డింగ్ ఉచితం కాదు, కాబట్టి కొత్తగా వాయించుకోండి. ప్రతి దెబ్బకూ డప్పు కొట్టించొద్దు. ఒక్కో దేశానికి ఒక్కో వాయిద్యం ఇచ్చి, వస్తువు గీత దాటినప్పుడు బాణీ అదే ఉంచి వాయిద్యం మార్చి చూడండి.

సంగీతం కలపకముందే కథ తెలియని ఐదుగురికి చూపించండి. వాళ్ల వెనక కూర్చుని, నవ్విన చోటు ఒక గుర్తుతో, ‘ఇది ఏ వైపు?’ అని అడిగిన చోటు ఇంకో గుర్తుతో రాసుకోండి. నవ్వు రాని గ్యాగును కాస్త పొడిగించో కత్తిరించో చూడొచ్చు. రెండో గుర్తు పడ్డ షాట్‌ను మాత్రం ఎడిటింగ్‌లో బాగుచేయలేరు. అందుకే ఐదుగురూ చూసేదాకా స్థలం ఖాళీ చేయకండి, మేకులు పీకకండి, అరబస్తా సుద్దపొడి మిగుల్చుకోండి.